తాడు పట్టుకున్నవాడు

నేను బాబా సంచీలో ఖర్జూరాలు సర్దుతుంటే మామా పక్కనే నిలబడి కళ్లొత్తుకుంటోంది. మొగుడు ఎనిమిది రోజులు ఇల్లు వదిలి వెళ్తున్నాడు మరి. సబా అల్ సలేంలోని ఈ అరబ్బుల ఇంట్లో నేను పనికి చేరి నాలుగేళ్లు. యజమానిని బాబా అని, ఆయన భార్యని మామా అని పిలుస్తాను.

చమురు పడకముందు వీళ్ల తాతలు చెక్కపడవల్లో వెళ్లి, సముద్రంలో మునిగి ముత్యపుచిప్పలు తెచ్చేవారట. ఏటా వేసవిలో కొందరు ఆ యాత్రను అచ్చం అలాగే మళ్లీ చేస్తారు. ఆఫీసులో కుర్చీ దిగని బాబా ఈసారి పేరిచ్చాడు. మునగడం ఆయన పని కాదు, పడవ మీద తాడు పట్టుకోవడం. మునిగినవాడు ఊపిరాడక తాడు కుదిపితే వెంటనే పైకి లాగాలి.

అది నేర్చుకోవడానికి మొన్న నా నడుముకే తాడు కట్టి వంటింట్లోకి పంపాడు. "ఊపిరి బిగబట్టు సత్యా. ఆగలేనప్పుడు కుదుపు" అన్నాడు. కుదిపాను. మళ్లీ కుదిపాను. చివరికి ముడి నేనే విప్పుకుని హాల్లోకొస్తే ఆయన ఫోన్ చూసుకుంటున్నాడు. "సత్యదుర్గ చచ్చిపోయింది!" అని మామా పగలబడి నవ్వింది. నేనూ నవ్వాను. నవ్వకపోతే ఎలా? ఆ తాడు చుట్టిపెట్టిందీ నేనే.

గిన్నెలు తోముతుంటే మాత్రం ఒళ్లు మండిపోయింది. రెండో ఏడు ఊరొస్తానంటే, "ఇల్లు సగంలో ఉందే, స్లాబు పడనీ" అన్నాడు నా మొగుడు సూరిబాబు. మూడో ఏడు నడుం పట్టేసిందన్నాను. "నీకేంటే, ఏసీలో ఉంటావు. ఇక్కడ ఎండకి మేం చస్తన్నాం" అన్నాడు. అత్తగారు ఫోన్ లాక్కుని, పక్కింటావిడకి వినపడేలా "మా కోడలు గట్టిది, తట్టుకుంటాది" అంది. ఆ మెప్పుకి పడి ఇంకో ఏడాది ఉండిపోయాను, బుద్ధిలేనిదాన్ని. ఈ నెల నా ఇఖామా, అదే ఇక్కడ ఉండి పనిచేసుకునే పర్మిట్టు, అయిపోతుంది. ఇంకో రెండేళ్లు ఉండమని మామా అడుగుతోంది. "సరే అనెయ్యవే" అన్నాడు సూరిబాబు. నేనింకా అనలేదు.

పడవలు తిరిగొచ్చిన రోజు ఒడ్డున డప్పులు, జెండాలు, కెమెరాలు. నా చేతిలో టీ ఫ్లాస్కు. బాబా అరచేతుల్లో బొబ్బలు చూసి మామా బావురుమంది. "ఎనిమిది రోజులు! ఇంటికి దూరంగా ఎలా ఉన్నావో!"

"ఎవరు కుదిపినా ఒక్క క్షణం ఆలస్యం చెయ్యలేదు" అన్నాడు బాబా గొప్పగా.

టీ పోసి ఆయన చేతికిచ్చాను. "మామా, నాకు ఇఖామా వద్దు. ఖలాస్. టికెట్ తియ్యండి."

మామా ఏడుపు ఆగిపోయింది. "మీ ఆయన ఒప్పుకున్నాడా?"

"ఆయనకి రెండుసార్లు కుదిపాను మామా. ఇక ముడి నేనే విప్పుకుంటున్నాను."