ముందు నువ్వు చెప్పమ్మా

అవార్డు వస్తుందని మేంగ్ ఓక్‌జూకి పది రోజుల ముందే తెలుసు. ఎవరూ ఆ మాట చెప్పలేదు. చానెల్ నుంచి ఫోన్ చేసినవాడు, "గురువుగారూ, ముప్పయ్యో తారీకు మీరు తప్పకుండా రావాలి, తప్పకుండా" అన్నాడు. ఒకసారి 'తప్పకుండా' అంటే ఉత్త కుర్చీయే. రెండుసార్లు అంటే అవార్డు. సియోల్‌లో ముప్పై నాలుగేళ్ళు సీరియళ్ళలో వేషాలు వేసిన మనిషికి ఆ మాత్రం తెలియకపోదు. ఏటా చివర్లో ఆ చానెల్ ఇచ్చే అవార్డులు పెళ్ళి పంక్తిలో వడ్డన లాంటివి. వచ్చి కూర్చున్నవాడి ఆకులో ఏదో ఒకటి పడుతుంది. రానివాడు ఎంతటి నటుడైనా ఆకు ఖాళీయే. ఒక్క అవార్డును ఇద్దరికీ ముగ్గురికీ పంచడం కూడా అక్కడ మామూలే. పిలిచినవాళ్ళ మనసు నొప్పించకూడదు కదా! చూసేవాళ్ళ సంగతి ఎవడికి కావాలి?

అయినా ఓక్‌జూ సంతోషించింది. అరవై రెండేళ్ళ వయసులో వస్తున్న మొదటి అవార్డు, ఎలా వస్తేనేం? ఆ సంతోషంలో సగం ఆమెది కాదు. అది తాక్ బుల్లేది.

బుల్లే ఆమెకంటే రెండేళ్ళు పెద్దది. ఇద్దరికీ పరిచయమైంది టీవీ స్టూడియోలుండే యోయిదోలో, తెల్లవారుజామున చిన్న నటుల్ని షూటింగుకు తీసుకుపోయే బస్సులో. నాచు ఆకులో అన్నం చుట్టిన గింబాప్ ఒక్కటి కొని ఇద్దరూ పంచుకు తినేవాళ్ళు. బజారులో గొడవపడే ఆడది, ఆసుపత్రిలో ఏడ్చే ఆడది, పెళ్ళిలో గుసగుసలాడే ఆడది, అన్నీ వాళ్ళే. చివర్లో పేర్లు వేసేటప్పటికి తర్వాతి కార్యక్రమం ప్రకటన తెరను సగం మింగేసేది. ఆ మిగిలిన సగంలో బుల్లే పేరు ఏనాడూ లేదు.

ఇప్పుడు అవార్డు తెచ్చిన లాండ్రీ పిన్ని పాత్ర నిజానికి బుల్లేదే. మూడు ఎపిసోడ్ల పాత్ర. అందరూ కూర్చుని స్క్రిప్టు చదివే రోజు పొద్దునే డాక్టరు ఆమె కడుపులో గడ్డ ఉందని చెప్పాడు. ఆమె ఇంటికి పోలేదు. ఓక్‌జూ చెయ్యి పట్టుకుని నేరుగా దర్శకుడి ముందుకు లాక్కెళ్ళి, "నాకంటే ఇది బాగా తిడుతుంది, దీన్ని పెట్టుకోండి" అంది. మూడు ఎపిసోడ్లు యాభై అయ్యాయి. దేశమంతా లాండ్రీ పిన్ని తిట్లకు నవ్వింది.

అవార్డులకు ముందు రోజు ఓక్‌జూ ఆసుపత్రికి వెళ్ళింది. ముప్పై ఒకటిన పొద్దునే రెండో ఆపరేషన్. మొదటిది పనిచెయ్యలేదు. రెండో దాని గురించి డాక్టర్లు గట్టిగా ఏమీ చెప్పడంలేదు. ఆరు మంచాల గదిలో కిటికీ పక్క మంచం మీద బుల్లే కూర్చుని ఉంది.

"ఏమే, అవార్డు ఖాయమేనా?"

"రెండుసార్లు తప్పకుండా అన్నాడక్కా."

"అయితే ఖాయమే. ఇదిగో, ఒక్కటే అడుగుతున్నా. మైకు పట్టుకోగానే ముందు నా పేరు చెప్పు. తాక్ బుల్లే అని, పూర్తిగా. తర్వాత ఎవరి కాళ్ళకైనా మొక్కుకో, నాకనవసరం."

"ముందే ఎలాగక్కా? పెద్దవాళ్ళు ఉంటారు. అధ్యక్షుడుగారు, డ్రామా విభాగం ఆయన... వాళ్ళను దాటి నీ పేరు ఎత్తితే బాగుంటుందా? చివర్లో చెప్తా. చివర్లో చెప్పిందే జనానికి గుర్తుంటుంది."

"చివర్లో మనకేం మిగిలిందే ఎప్పుడైనా? భోజనాల బండి దగ్గర కూడా అడుగున మాడు తప్ప!" బుల్లే నవ్వింది. తర్వాత నవ్వు ఆపి అంది. "ఈ గదిలో అందరికీ చెప్పాను. నర్సు టీవీ కట్టెయ్యనంది. అరవై నాలుగేళ్ళు వచ్చాయి. టీవీలో నా మొహం వెయ్యిసార్లు వచ్చింది, నా పేరు ఒక్కసారి కూడా రాలేదు. ఎల్లుండి లోపలికి పోయి మళ్ళీ వస్తానో రానో. విని పోతాను."

"వింటావక్కా. ఒట్టు."

ఇంటికి వచ్చి ఓక్‌జూ కాగితం మీద రాసుకుంది. మొదట అధ్యక్షుడు, తర్వాత డ్రామా విభాగాధిపతి ఓ సాంగ్వాన్, దర్శకుడు, రచయిత్రి, కెమెరా, లైట్లు, చివర తాక్ బుల్లే. వంటింట్లో గడియారం పెట్టుకుని చదివితే నలభై సెకన్లు వచ్చింది. డైలాగు కంఠతా పట్టినట్టు ఆ రాత్రీ మర్నాడూ కంఠతా పట్టింది. స్పాన్సర్ల గౌన్లు ఆమె వయసు వాళ్ళకు దొరకవు, అందుకని పండగలకు కట్టే పాతకాలపు లంగా, రవికె, లేత ఆకుపచ్చ హన్‌బోక్ ఒకటి అద్దెకు తెచ్చుకుంది.

ముప్పయ్యో తారీకు రాత్రి తొమ్మిదిన్నరకు సహాయ నటి అవార్డు వచ్చింది. కవరు విప్పిన నటుడు నవ్వుతూ, "ఈసారి ఇద్దరు!" అన్నాడు. "మేంగ్ ఓక్‌జూ గారు, సన్‌వూ హారిన్ గారు!"

హాలు కేకలతో ఊగింది. ఆ కేకలు ఓక్‌జూకి కావని ఆమెకు తెలుసు. హారిన్‌కి ఇరవై నాలుగేళ్ళు. అదే సీరియల్లో లాండ్రీ పిన్ని కూతురు వేషం. పిల్ల మంచిది. మెట్ల దగ్గర ఆగి, ఓక్‌జూ లంగా అంచు తొక్కుకోకుండా ఎత్తి పట్టుకుని, చెయ్యి పట్టి పైకి ఎక్కించింది. ట్రోఫీలు చేతికి వచ్చాయి. వ్యాఖ్యాత, "సమయం తక్కువగా ఉంది, దయచేసి క్లుప్తంగా" అని మైకు వాళ్ళిద్దరి మధ్య పెట్టాడు.

అప్పుడు ఓక్‌జూ నోరు ఆమెకంటే ముందే కదిలింది.

"ముందు నువ్వు చెప్పమ్మా."

ఆ మాటకు అర్థం 'నువ్వు చెప్పు' అని కాదు. ఆ దేశంలో పుట్టిన పసిపిల్లకైనా తెలుసు. పెద్దావిడ 'నువ్వు ముందు' అంటుంది, చిన్నది 'అయ్యో, మీరుండగా నేనా' అంటుంది. ఆవిడ మళ్ళీ అంటుంది, చిన్నది మళ్ళీ కాదంటుంది. మూడోసారికి పెద్దావిడ 'సరేలే' అని నిట్టూర్చి మైకు తీసుకుంటుంది. ముప్పై నాలుగేళ్ళు తనకంటే పెద్దవాళ్ళ ముందు ఓక్‌జూ అలాగే మూడుసార్లు కాదంది. ఇవాళ తన వంతు.

హారిన్ నడుము విరిగేలా వంగి దండం పెట్టింది. "సరేనండీ, గురువుగారూ" అంది. మైకు తీసుకుంది.

ఓక్‌జూ చిరునవ్వు మొహం మీద అలాగే ఉండిపోయింది. కెమెరా ఉంది కదా, ఎక్కడికి పోతుంది?

హారిన్ తన కంపెనీ అధ్యక్షుడికి కృతజ్ఞతలు చెప్పింది. ఉపాధ్యక్షుడికి చెప్పింది. మేనేజరన్నలు నలుగురి పేర్లూ విడివిడిగా చెప్పింది. జుట్టు దువ్వే అక్కకు, మొహానికి రంగు వేసే అక్కకు, వాళ్ళ దుకాణం యజమానికి చెప్పింది. ముప్పై సెకన్లు అయిపోయాయి. కాఫీ బండి పంపిన అభిమానులకు చెప్పింది. అమ్మకు చెబుతూ ఏడ్చింది. నాన్నకు చెబుతూ ఇంకా ఏడ్చింది. ఓక్‌జూ పళ్ళ వెనక, 'ఆపవే తల్లీ, ఆపు' అనుకుంటూనే ఉంది. కింద ఫ్లోర్ మేనేజరు తెల్ల అట్ట ఎత్తాడు: 'ఇంకా ముప్పై సెకన్లే'. హారిన్ కళ్ళ నిండా నీళ్ళు, అట్ట ఎలా కనిపిస్తుంది? కుక్కపిల్లకు కూడా చెప్పింది. కుక్కపిల్లకు! మొహమాటానికి పోతే కడుపైందని పెద్దలు ఊరికే అనలేదు. రెండో అట్ట లేచింది: 'ముగించండి'.

"చివరగా, నన్ను సొంత కూతురిలా చూసుకున్న మా గురువుగారికి..." అని హారిన్ మళ్ళీ వంగి, మైకు రెండు చేతులతో ఆమెకు అందించింది.

ఆ క్షణంలోనైనా ఓక్‌జూ 'తాక్ బుల్లే' అని ఉంటే సరిపోయేది. రెండే మాటలు. కానీ కంఠతా పట్టిన డైలాగు మధ్యలోంచి రాదు. మొదటి నుంచే వస్తుంది.

"ముందుగా మన చానెల్ అధ్యక్షులవారికి, డ్రామా విభాగాధిపతి ఓ సాంగ్వాన్ గారికి, దర్శకులు..."

సంగీతం మొదలైంది. ఆమె వేగం పెంచింది. రచయిత్రిని మింగేసింది, కెమెరాను వదిలేసింది, లైట్లను దాటేసింది. "చివరగా, నా..." అనేసరికి మైకు చచ్చిపోయింది. చచ్చిన మైకులోనే ఆమె ఆ పేరు చెప్పింది, గట్టిగా, పూర్తిగా. పక్కన తెర మీద హారిన్ కన్నీళ్ళు నిండుగా కనబడుతున్నాయి. వ్యాఖ్యాతలిద్దరూ చప్పట్లు కొట్టారు. "ఎంత ఆత్మీయమైన తల్లీకూతుళ్ళో!" అని ప్రకటనలకు వెళ్ళిపోయారు.

వేదిక వెనక నడవాలో ఓక్‌జూ ట్రోఫీని గోడ వారన నేల మీద పెట్టింది. పగలగొట్టాలనిపించింది. అద్దె హన్‌బోక్ చిరగకూడదు, అరిస్తే లోపలికి వినబడుతుంది. కోపం తీర్చుకోవడానికి కూడా ఆ భవనంలో చోటు లేదు.

హారిన్ ఏడుస్తూ వచ్చింది. "గురువుగారూ, మీ సమయం తినేశాను కదా? అట్ట నాకు కనబడలేదండీ. క్షమించండి."

మామూలుగా అయితే 'నీ తప్పేం లేదమ్మా' అనాలి. ఓక్‌జూ అనలేదు.

"మూడుసార్లు కాదనాలమ్మా! మీ ఇంట్లో నేర్పలేదా? పెద్దవాళ్ళు ముందు నువ్వు అంటే, మూడుసార్లు కాదనాలి!"

హారిన్ బిత్తరపోయింది. తర్వాత ఆ పిల్లకూ కోపం వచ్చింది. "కాదంటే కూడా తిడతారండీ! పోయినేడు మా కంపెనీ అబ్బాయి ఒకడు పెద్దావిడ మాటకు వేదిక మీద అడ్డు చెప్పాడని ఇంటర్నెట్‌లో నెల రోజులు ఉతికారేశారు. పెద్దవాళ్ళు ఏం చెబితే అది చెయ్యమని మాకు తరగతులు పెట్టి మరీ నేర్పారు. మీకు ముందు చెప్పాలని ఉంటే చెప్పెయ్యాల్సింది. నాకెందుకిచ్చారు?"

నిజమే, ఓక్‌జూ ఎందుకిచ్చింది? అడగని మర్యాద చేసి, చెయ్యాల్సిన పని చెడగొట్టుకుంది. గోడకు ఆనుకుని, బుల్లే గురించి అంతా చెప్పింది. బస్సు, పాత్ర, రేపటి ఆపరేషన్, ఒట్టు.

హారిన్ కళ్ళు తుడుచుకుంది. "ఆవిడ పేరు చెప్పండి. నా పేజీలో ఇప్పుడే పెడతాను. నలభై లక్షల మంది చూస్తారు. టీవీ కంటే ఎక్కువేనండీ."

ఓక్‌జూకి ప్రాణం లేచివచ్చింది. హారిన్ ఫోన్ తీసి రాయడం మొదలుపెట్టింది. పక్కనే నీడలా నిలబడిన మేనేజరు మర్యాదగా వంగి, అంతే మర్యాదగా ఆ ఫోన్ తీసేసుకున్నాడు.

"ఇవాళ వెళ్ళాల్సిన పోస్టులన్నీ ముందే అనుమతి తీసుకుని పెట్టినవి. కొత్తది పెట్టాలంటే పైవాళ్ళను అడగాలి. జనవరి రెండున ఆఫీసు తెరుస్తారు, తప్పకుండా అడుగుతాను, గురువుగారూ."

ఒక్కసారే 'తప్పకుండా' అన్నాడు.

హారిన్ వాడితో గొడవపడుతూ వెనకే వెళ్ళింది. నడవా ఖాళీ అయింది. ఓక్‌జూ ఫోన్ చేసింది. మొదటి మోతకే బుల్లే తీసింది.

"అక్కా..."

"చూశామే. ఆరుగురం చూశాం. నర్సు కూడా నిలబడి చూసింది."

"చెప్పానక్కా. నీ పేరు చెప్పాను. అప్పటికే మైకు కట్టేశారు. ఒట్టు."

"చెప్పే ఉంటావులే. అప్పుడు ఆ పిల్లను చూపిస్తున్నారు. బాగా ఏడుస్తుందే, ముక్కు ఎర్రబడకుండా. మనకు ఎప్పుడూ చేతకాలేదు."

"తప్పంతా నాదే. నువ్వన్నట్టు ముందే చెప్పాల్సింది."

"ఆ డ్రామా విభాగం ఆయన ఎవరే? ఓ సాంగ్వానా? ఆరో మంచం ముసల్దానికి కూడా వాడి పేరు నోటికి వచ్చేసింది. పక్క మంచం ఆవిడ, 'నీ పేరు ఎప్పుడొస్తుంది' అని అడిగింది. వస్తుంది, ఉండమన్నాను. తర్వాత ప్రకటనలు వచ్చాయి. నూడుల్స్ ప్రకటన. ఆవిడ మర్యాదస్తురాలు, మళ్ళీ అడగలేదు."

ఓక్‌జూ ఏడ్చింది. "పొద్దునే వస్తానక్కా. ఏడింటికల్లా అక్కడుంటా."

"రావద్దు. నిన్ను చూస్తే తిడతాను. నిన్ను తిట్టి లోపలికి పోవడం నాకిష్టం లేదు."

"తిట్టు. ఎంత కావాలంటే అంత తిట్టు. వస్తాను."

"వద్దన్నానా?" బుల్లే గొంతు పెరిగి, మళ్ళీ తగ్గింది. "విను. రేపు ఆపరేషన్ గది గుమ్మం దగ్గర మంచం ఆపి పేరు అడుగుతారట. చేతికి పట్టీ ఉన్నా సరే, మనిషి నోటితో పూర్తిగా చెబితేనే లోపలికి తీసుకుపోతారట. అందరూ విని, అవునని రాసుకుంటారట. నువ్వు దిగులుపడకే. నా పేరు నేనే చెప్పుకుంటాను."

ఫోన్ పెట్టేసింది. ఓక్‌జూ వెంటనే మళ్ళీ చేసింది. అటువైపు చాలాసేపు మోగింది. ఎవరూ తియ్యలేదు.