లక్ష్మక్క సాలు

ఆ పిల్ల మీద లక్ష్మక్కకు ఒళ్లు మండిపోయింది.

సుష్మిత చెడ్డ పిల్లేం కాదు. కూలివాళ్లు ఏ వయసుకు పని మానేస్తారో పరిశోధన చేయడానికి యూనివర్సిటీ నుంచి గార్లదిన్నె వచ్చింది. "అవ్వా, మీరు ఎప్పుడు రిటైరవుతారు?" అని అడిగితే వేరుశనగ చేలో తలో సాలు, అంటే తలో వరస, పట్టి కలుపు తీస్తున్న ఆడవాళ్లంతా పడీపడీ నవ్వారు. "కాటికి పోయిన మర్నాడు" అంది లక్ష్మక్క. అంతవరకు బాగానే ఉంది. ఆ పిల్ల గట్టున గొడుగేసుకుని కూర్చుని అందరినీ కళ్లార్పకుండా చూసింది. చూసింది కడుపులో దాచుకుందా అంటే, అదీ లేదు. చేను ఆసామి గురుమూర్తితో చెప్పేసింది.

"అవ్వ సగం సాలే తీస్తుందండీ. మిగతాది పక్కవాళ్లు తీసేస్తున్నారు. పింఛను పెంచితే ఆమె హాయిగా ఇంట్లో ఉండొచ్చు."

గురుమూర్తికి పింఛను మాట చెవికెక్కలేదు, సగం సాలు మాత్రం ఎక్కింది. అనంతపురంలో నూనెల కొట్టు నడిపే మనిషి, తూకంలో చుక్క కూడా వదలడు. "రేపట్నుంచి ముసలామె వద్దు" అన్నాడు గుంపు మేస్త్రి ఓబులమ్మతో.

ముసలివాళ్ల సాలు పక్కవాళ్లు అందుకోవడం ఆ గుంపులో తాతల నాటి నుంచి ఉన్నదే. వయసులో ఉన్నప్పుడు లక్ష్మక్క ఎంతమంది సాళ్లు తీసిందో! ఓబులమ్మ అత్త రామక్కకు నడుము వంగని కాలంలో ఆమె సాలు తీసిందీ లక్ష్మక్కే. ఇప్పుడు తన వంతు వచ్చింది. వచ్చీ రాగానే దానికి ఎసరు పెట్టారు.

"నీకు నేనేం అన్యాయం చేసినానమ్మా?" అని సుష్మితను నిలదీసింది.

"మీకు మంచి జరగాలనే చెప్పానవ్వా."

"ఏం మంచి? వయసులో ముసలోళ్ల సాళ్లన్నీ నేను లాగినా. అదే నా పింఛను. మావోళ్లు నాకిస్తాండారు. నడమ తీసేయనీకి నువ్వెవరు? ఇంట్లో హాయిగా ఉండల్లంట! సర్కారోళ్లిచ్చే దాంతో నెలంతా పొయ్యి మండుతాదా?"

సుష్మిత గొడుగు ముడుచుకుని వెళ్లిపోయింది. లక్ష్మక్కకు జాలి కలగలేదు.

మర్నాడు ఓబులమ్మ ఎప్పటిలాగే నడిమి సాలు లక్ష్మక్కకే ఇచ్చింది. గురుమూర్తి గట్టు మీద నుంచి కేకలేశాడు.

"ఆమె లేకుంటే మేమూ దిగం అన్నా" అంది ఓబులమ్మ.

మొన్నటి వానకు కలుపు వేరుశనగను మింగేస్తోంది. ఇప్పటికిప్పుడు వేరే కూలీలు ఎక్కడ దొరుకుతారు? గురుమూర్తి పళ్లు నూరాడు. "సరే, ఆమె సాలు ఎవరూ ముట్టకూడదు. ఎవరి సాలు వాళ్లదే!" సాయంత్రానికి ముసలామె తనంతట తానే తప్పుకుంటుందని అతని ఎత్తు.

లక్ష్మక్క పళ్లబిగువున కలుపులో కూర్చుంది. మోకాళ్లు మొరపెడుతున్నా కోపమే ఆమెను ముందుకు తోసింది. కానీ వయసు వయసే. మిగతావాళ్లు ఈపాటికి ఆ గట్టు చేరి ఉంటారని తలెత్తి చూసింది. ఒక్కరూ ముందుకు పోలేదు. పక్కనున్న ఓబులమ్మ మొదలుకుని ఆ చివరి దాకా అందరూ ఆమెకు సరిసమానంగా కూర్చుని, ఒక్కో పోచా తీరిగ్గా పీకుతున్నారు.

"ఏందిది? ఇట్లయితే నెలైనా తెగదు!" గురుమూర్తి గొంతు చించుకున్నాడు.

"ఏమప్పా, నువ్వు చెప్పినట్లే చేస్తాండాం గదా!" అంతకు మించి అరిచింది లక్ష్మక్క. "ఎవరి సాలు వాళ్లదే!"

పొద్దు నడినెత్తికి వచ్చినా చేను సగం కూడా కాలేదు. గురుమూర్తి చివరికి "మీ ఇష్టమొచ్చినట్ల ఏడ్వండి" అని విసురుగా బండెక్కాడు. అతను మలుపు తిరగకముందే ఓబులమ్మ చెయ్యి లక్ష్మక్క సాల్లోకి వచ్చింది.