ఉప్పుమళ్ల గట్టు మీదామె

రేపే భారతి పీహెచ్‌డీ వైవా. అమెరికాలో నల్లజాతి ఆడవాళ్లు బస్సులు మానేసి నడిచిన పోరాటం మీద ఆరేళ్లు కూర్చుని రాసింది. అంతా బాగానే ఉంది కానీ, వంటలు చేసి ఆ పోరాటాన్ని నిలబెట్టినవాళ్లలో చాలామంది గురించి ‘పేరు తెలియని స్త్రీలు’ అని రాసి ఊరుకుంది. అక్కడ అడ్డంగా దొరికిపోతావనీ, జవాబు లేకపోతే ఇంకో ఏడాది తిరగరాయాల్సిందేననీ గైడు ముందే బెదిరించాడు.

ఇంట్లో ప్రాక్టీసుకి దొరికింది మామ్మ దాలమ్మ. నలభై ఏళ్లు చేపలమ్మిన ఆ నోటి ముందు ఏ ప్రొఫెసరూ చాలడు.

“ఎన్నాళ్లు నడిసారే?” కత్తిపీట మీంచి తలెత్తకుండానే అడిగింది.

“మూడొందల ఎనభై ఒక్క రోజులు, మామ్మా.”

“మరి తిండెవులెట్టారు?”

“కొందరి పేర్లే దొరికాయి. మిగతావోలవి తెల్దు.”

“ఆరేళ్లు సదివి పేరు కనుక్కోనేదా? సిగ్గునేదేటే నీకు!”

భారతికి ఒళ్లు మండింది. మామ్మ మాత్రం తక్కువ తిందా? ఆ రోజుల్లో చేపల గంపలు కంపు కొడుతున్నాయని బస్సెక్కనివ్వకపోతే, చేపలమ్మే ఆడవాళ్లంతా నలభై రోజులు నౌపడ బజారు దాకా నడిచారు. చివరికి బస్సే దిగొచ్చింది. ఈ కథ ప్రతి పెళ్లిలోనూ వినాల్సిందే.

“మీకెవులెట్టారో?”

“ఉప్పుమళ్ల గట్టు మీదామె. రోజూ సోడంబలి కుండట్టుకుని నిలబడీది. మా తల్లే!”

“పేరు?”

ఆ మాట దాలమ్మ ఎన్నడూ అడగలేదు. సిగ్గుతో ముఖం మాడిపోయింది. సగం కోసిన చేపని అలాగే వదిలేసి చేతులు కడుక్కుంది.

“బండి తియ్యి.”

“రేపు వైవా!”

“రేపు కదా.”

గట్టు మీదామె ఇంకా అక్కడే, పాక ముందు ఉప్పు బస్తా కుడుతూ కనిపించింది. ఊళ్లో అందరి నోళ్లూ మూయించే దాలమ్మ తలొంచుకుని అడిగింది.

“అప్పా, నీ పేరేటి?”

ఆమె పకపకా నవ్వింది. “ఇప్పుడడిగినావా? అసిరమ్మని. నీ పేరేటో నాకూ తెల్దులే. ఆకలితో వొచ్చినోలని పేరేటడుగుతాం? కూకో, అంబలి తాగు.”

ఇద్దరూ చేతులు పట్టుకుని కూర్చుంటే, భారతి పక్కనే ముంత ఖాళీ చేసింది.

మర్నాడు ఎగ్జామినరు సరిగ్గా అక్కడే పట్టుకున్నాడు. “పేరు తెలియని స్త్రీలా? ఏమిటమ్మా ఇది?”

“తప్పే సార్,” అంది భారతి. “పేర్లు వాళ్ల ఊళ్లో ఉన్నాయి. వాళ్ల చేతికూడు తిన్నవాళ్లు అడగలేదు, వాళ్ల మీద పుస్తకాలు రాసినవాళ్లం మేమూ అడగలేదు. మా మామ్మ నిన్న అడిగొచ్చింది.”