భారతి కూత

నూజివీడు ఆడపిల్లల కాలేజీలో కబడ్డీ జట్టు పెడుతున్నారనగానే ఊళ్ళో సగంమంది ముక్కున వేలేసుకున్నారు. మిగతా సగంమంది ఎక్కడ ఆడతారు, ఎన్నింటికి ఆడతారు అని వాకబు చేశారు. ఎనభై అయిదో సంవత్సరం సంగతిది. డ్రిల్లు టీచరు పుష్పావతి మేడం కాలేజీ అంతా గాలించి సరిగ్గా ఏడుగురిని పోగేసింది. ఎనిమిదో పిల్ల దొరకలేదు. ఎవరి కాలైనా బెణికితే ఆ పిల్ల కుంటుతూనే ఆడాలి, అంతే.

ఆ ఏడో పిల్ల భారతి. మామిడికాయల వ్యాపారి ప్రభాకరరావు కూతురు, బీయే మొదటి సంవత్సరం. పిల్ల ఎగిరి గంతేసింది గానీ, తండ్రిని ఒప్పించేసరికి మేడంకి తలప్రాణం తోకకొచ్చింది.

"కొట్లో కూర్చునేవాణ్ణండీ మేడం. నలుగురూ నాలుగు మాటలంటారు" అన్నాడాయన.

భారతి రెండు పూటలు అన్నం మానేశాక దిగొచ్చాడు. "సరే, ఈ ఒక్క ఏడాదీ ఆడు. కప్పు తెస్తే వచ్చే ఏడాదీ ఆడు. తేలేదా, మళ్ళీ ఆ కబడ్డీ మాట నా చెవిన పడకూడదు."

"అలాగే నాన్నా" అనేసింది భారతి. కప్పంటే ఎంత దూరమో ఆ పిల్లకేం తెలుసు పాపం!

ఇంతకీ మేడం ఆ పిల్లనే ఎందుకు పట్టుకుందంటే, ఊపిరి కోసం. వేసవిలో కొట్లో కాయలు లెక్కపెట్టేది భారతే. మా వైపు సరుకు లెక్కలో ఒకటి అనరు, లాభం అంటారు. గంపలో కాయలు వేస్తూ "లాభం లాభం లాభం... రెండు రెండు రెండు..." అని పాటలాగా సాగదీస్తూనే ఉండాలి. మధ్యలో ఆపితే లెక్క తప్పుతుంది. చిన్నప్పట్నించీ అలా సాగదీసి సాగదీసి, ఒక్క గుక్కలో గంప నింపేసేది ఆ పిల్ల.

కాలేజీల కప్పు లీగులో మొదటి ఆట చింతలపూడి జట్టుతో. భారతి కూతకు వెళ్ళింది. అబ్బో, ఏం వెళ్ళిందనుకున్నారు! ముగ్గురిని తాకి, నాలుగో పిల్ల చేతికి చిక్కకుండా జారుకుని గీత దాటి వచ్చేసింది. మన వాళ్ళు ఈలలు, చప్పట్లు. అంతలో రిఫరీ విజిలేసి భారతినే అవుటన్నాడు.

"ఏం కూశావమ్మా?" అనడిగాడు.

"కబడ్డీ అనేనండీ."

"కాదమ్మా. వెళ్ళిన దగ్గర్నించీ లాభం లాభం అంటున్నావు."

గ్రౌండంతా పగలబడి నవ్వింది. ఆ నవ్వుల్లోనే పద్నాలుగు పాయింట్ల తేడాతో ఓడిపోయారు. చింతలపూడి పిల్లలు బస్సెక్కేదాకా "లాభం లాభం" అని పాడుతూనే ఉన్నారు. భారతికి ఆ గ్రౌండు రెండుగా చీలితే బాగుండుననిపించింది.

జట్టు కెప్టెన్ లేయా, చాట్రాయి పిల్ల, ఆరడుగులకు అంగుళం తక్కువ. ఆ పిల్ల ఊరుకుంటుందా? "ఇవాళ్టినుంచి ఎవరేం అడిగినా ముందు కబడ్డీ అను. తర్వాతే జవాబు" అని హుకుం వేసింది. హాజరు పిలిస్తే భారతి "కబడ్డీ, ప్రెజెంట్ మేడం" అనేది. నిద్రలోనూ అదే గోల.

పదిరోజులయ్యాక జి. కొండూరు నుంచి ఒకాయన, మామిడి లేని రోజుల్లో కొట్లో అమ్మే నిమ్మకాయల కోసం వచ్చాడు. ప్రభాకరరావు లెక్కపెట్టమన్నాడు. భారతి బస్తా ముందు కూర్చుని గుక్క పట్టింది. "కబడ్డీ కబడ్డీ కబడ్డీ... రెండు రెండు రెండు..."

కొనేవాడు బిత్తరపోయి రెండడుగులు వెనక్కి వేశాడు.

"ఏంటే అది? బేరం తగలేస్తావా!" అని ఇంతెత్తున లేచి, ప్రభాకరరావు గోడవైపు తిరిగి నిలబడ్డాడు. భుజాలు అదురుతున్నాయి. కోపమనుకుని భారతి గబగబా మళ్ళీ లాభం నుంచి మొదలెట్టింది. అది నవ్వేనని, లోపల్నించి చూస్తున్న వాళ్ళమ్మ శారదకు మాత్రం తెలుసు.

ఆ తర్వాత ఇంక పట్టపగ్గాల్లేవు. తిరువూరు పడింది, గుడివాడ పడింది, ఏలూరూ పడింది. ఏలూరునుంచి వస్తూ ఆ ఏడుగురూ బస్సులో వేసిన కేకలకు డ్రైవరు బండాపి, దణ్ణం పెట్టి, కాసేపు ఊరుకోండమ్మా అని బతిమాలాడు. రెండు నిమిషాలు ఊరుకున్నారు.

ఫైనలు నూజివీడులోనే, బెజవాడ జట్టుతో. తోటలన్నీ పూతమీదున్నాయి. జనం గోడలెక్కారు. వస్తానని మాటవరసకైనా అనని ప్రభాకరరావు, వెనక వరసలో గొడుగు చాటున, ఎటో వెళుతూ ఆగినవాడిలా నిలబడి ఉన్నాడు. భారతి చూసింది.

ఆఖరి కూత. బెజవాడ ఒక్క పాయింటు ముందుంది. భారతి వెళ్ళింది. ఒకరిని తాకింది, ఇద్దరిని తాకింది. గీతకు చేరితే కప్పు మనదే! పరిగెత్తుతూ, వెనక ఎవరొస్తున్నారో అని ఒక్కసారి తల తిప్పింది. అంతే, ఒక పిల్ల చీలమండ పట్టేసింది. భారతి దబ్బున పడింది. మీద నలుగురు. కూత ఆపకుండానే దుమ్ములో చెయ్యి చాచింది. విజిలేశారు.

"అందలేదు" అన్నాడు రిఫరీ.

అప్పుడు గొడుగు అవతల పారేసి, పంచె ఎగ్గట్టి, ప్రభాకరరావు కోర్టులోకి దూకాడు. "ముట్టుకుందండీ! మా అమ్మాయి గీతను ముట్టుకుంది! ఈ రెండు కళ్ళతో చూశాను!"

"లేదండీ, నాలుగు వేళ్ళ దూరం ఉంది."

"ఎవరి వేళ్ళండీ? మీవా, నావా?"

భారతి నేలమీంచే తలెత్తింది. "ముట్టుకోలేదు నాన్నా."

"నువ్వూరుకో! నీకేం తెలుసు?"

బెజవాడ పిల్లలు కూడా కడుపులు పట్టుకుని నవ్వారు. పుష్పావతి మేడం "రండి ప్రభాకరరావు గారూ, రండి" అంటూ ఆయన్ని బయటికి తీసుకొచ్చేసరికి చెమటలు పట్టాయి.

తండ్రి ముందు, కూతురు వెనక ఇంటికి నడిచారు. భారతి మోకాళ్ళు చెక్కుకుపోయాయి. అది కాదు బాధ. కప్పు బెజవాడ బస్సెక్కింది, తను అలాగేనని ఒప్పుకుంది, నాన్న పొద్దున ఒక ధర చెబితే సాయంత్రానికీ అదే ధర. లేయా వాళ్ళు రేపు గ్రౌండుకు వెళతారు, తను వెళ్ళదు. ఏడుపు ఆగలేదు.

ఇంటి మెట్లదగ్గర ప్రభాకరరావు ఆగాడు.

"గీత అంత దగ్గరుంటే వెనక్కెందుకు చూశావు?"

"భయమేసింది నాన్నా."

"వచ్చే ఏడాది చూడకు" అని చెప్పులు విడిచి లోపలికి వెళ్ళిపోయాడు.