బేగంపేట విమానం, పరబ్రహ్మం చెవి

పరబ్రహ్మానికి బేగంపేట ఏరోడ్రం మీద ముప్పై ఏళ్ల పగ. ఆస్తి తగాదా కాదు, చెవి తగాదా. సినిమాల్లో సౌండు రికార్డు చేయడం ఆయన పని. మద్రాసు నుంచి మూటాముల్లె సర్దుకుని వచ్చి, జూబ్లీహిల్స్ రాళ్ల మధ్య మైకు నిలబెట్టిన మొదటి రోజే, అశోకవనంలో సీతమ్మ ఏడుస్తుండగా నెత్తిమీద నుంచి విమానం గుర్రుమంటూ పోయింది. డైరెక్టరు తల పట్టుకున్నాడు. సీతమ్మ వేషం కట్టినావిడ మాత్రం కళ్లు తుడుచుకుని, "రావణుడు బయల్దేరినట్టున్నాడు, ఈలోగా కాఫీ తెప్పించండి" అంది.

అప్పటినుంచి ఆ కొండమీద విమానానికి పుష్పకమని పేరు పడిపోయింది. "పుష్పకం!" అని కేక వినబడితే ఎక్కడివాళ్లక్కడ ఆగిపోవాలి. ఎత్తిన కత్తి ఎత్తినట్టే, కారుతున్న కన్నీళ్లు కారుతున్నట్టే. ఆ కేక వేసేది పరబ్రహ్మమే. మిగతావాళ్లకు చప్పుడు అందకముందే ఆయనకు అందేది. వచ్చేది ప్రయాణికుల విమానమా, మిలిటరీ వాళ్లదా అన్నది కూడా కళ్లు మూసుకుని చెప్పేవాడు. జీతం ఈయనకు కాదు, ఈయన చెవికి ఇస్తున్నామని నిర్మాతలు వేళాకోళమాడేవారు. ఆయన పైకి విసుక్కునేవాడు గానీ లోలోపల పొంగిపోయేవాడు.

ఆయనకు ఎదురు చెప్పగలిగింది ఓదెలు ఒక్కడే. బోరబండవాడు. సెట్టు మీద లైట్లు మోయడానికి చేరి, పరబ్రహ్మానికి నీడలా అతుక్కుపోయాడు. విమానాన్ని ఎవరైనా తిడితే వాడికి రోషం. వాళ్ల నాయన వీరయ్య ఆ ఏరోడ్రం కడుతున్నప్పుడు తట్ట మోసినవాడు మరి.

"మా నాయిన మట్టి మోసినప్పుడు మీరింక పుట్టనేలేదు సారూ" అనేవాడు. "గప్పుడు గాడ నవాబు సాబు విమానాలే దిగుతుండె. పోలీసు యాక్షనయినంక గవన్నీ ఢిల్లీ సర్కారువాయె. ఒక దిక్కు ఫౌజోళ్లు, ఒక దిక్కు టికెట్ కొనుక్కొని పోయేటోళ్లు. ఒక్కటే ఇల్లు, రెండు కాపురాలు! కొట్లాట లేకుంట నడుస్తున్నది. మీ సినిమోళ్లేంది, జరసేపు సప్పుడు చేయకుంట ఉండలేరు?"

"ముందు నువ్వు నోరు మూయవయ్యా, టేక్ నడుస్తోంది" అనేవాడు పరబ్రహ్మం.

ఎంత తిట్టుకున్నా ఆ రోజులే రోజులు. పుష్పకం దాటిపోయేదాకా దొరికే ఆ కాస్త తీరికలోనే కొండమీద అసలు బతుకంతా నడిచేది. అలిగినవాళ్లు మాట కలిపేవారు. పెళ్లిసంబంధాలు వాకబు చేసుకునేవారు. రాక్షస వేషగాళ్లు కిరీటాలు తీసి తల గోక్కునేవారు. పరబ్రహ్మం మాత్రం ఆ విమానం కనుమరుగయ్యేదాకా దానివైపే చూసేవాడు, పళ్లు నూరుతూనే.

తరవాత ప్రయాణికుల విమానాలన్నీ శంషాబాద్‌కు తరలిపోయాయి. పాత ఏరోడ్రం మిలిటరీవాళ్లకూ, మంత్రులకూ మిగిలింది. ఫిల్మ్‌నగర్‌లో పీడ విరగడైందని సంబరపడ్డారు. పరబ్రహ్మానికి మాత్రం పెళ్లివారు వెళ్లిపోయిన ఇల్లులా అనిపించింది. ఉన్నప్పుడు విలువ తెలియదంటారే, అది శత్రువుకీ వర్తిస్తుంది. మధురానగర్‌లో ఇంటి ముందు కుర్చీ వేసుకుని, ఆకాశం మూగబోయిందని దారినపోయేవాళ్లందరికీ చెప్పేవాడు. పిచ్చుకలు కూడా పోయాయన్నాడు. ఈ మధ్య కుక్కర్ల కూతలు సైతం మెత్తబడ్డాయన్నాడు.

అరవై దాటిన సౌండు మనిషిని ఎవరు పిలుస్తారు? అలాంటిది మంజులత అనే కుర్ర డైరెక్టరు ఇల్లు వెతుక్కుంటూ వచ్చింది. డబ్బింగ్ లేకుండా మాటలన్నీ అక్కడికక్కడే రికార్డు చేయాలనుకుంటున్నాననీ, ఆ పనికి ఆయనే కావాలనీ అడిగింది. పరబ్రహ్మానికి పోయిన ప్రాణం లేచొచ్చినట్టయింది. ఇది నిలబెట్టుకుంటే ఇంకొన్నాళ్లు పనివాడిలా బతకొచ్చు, లేకపోతే శాశ్వతంగా ఆ కుర్చీయే.

షూటింగు ఆ పాత కొండమీదే. మొదటిరోజు పొద్దున తీసినవన్నిటికీ ఆయన ఓకే చెప్పాడు. హెడ్‌ఫోన్‌లో మాటలు కొంచెం సన్నగా వినిపిస్తే, మైకు పాతదిచ్చారని సణుక్కుని వాల్యూమ్ పెంచుకున్నాడు. మధ్యాహ్నం విరామంలో, ఈ సెట్టుకూ లైట్లు మోయడానికి వచ్చిన ఓదెలూ ఆయనా కొండ అంచున రాతిమీద కూర్చుని చాయ్ తాగుతున్నారు.

"చూశావా ఓదెలూ, ఎంత నిశ్శబ్దమో! మనకు అప్పుడీ భాగ్యం లేకపోయింది. అయినా ఆ మోత లేకపోతే ఈ కొండ కొండలా లేదయ్యా."

ఓదెలు తలెత్తి చూస్తున్నాడు. అవతల మంజులతా, కెమెరా దగ్గరివాళ్లూ, మేకప్ మనిషీ, అందరూ పైకే చూస్తున్నారు. పరబ్రహ్మం కూడా చూశాడు. మోతీనగర్ వైపు నుంచి లావుపాటి మిలిటరీ విమానం బేగంపేటకేసి వాలుతోంది. ఎండకు దాని రెక్కలు మెరుస్తున్నాయి. దోమ రొదంత చప్పుడు కూడా ఆయనకు అందలేదు.

"ఇవి... ఎప్పటినుంచి మళ్లీ తిరుగుతున్నాయి?"

"బందెప్పుడయినయి సారూ? ఫౌజోళ్లవి వస్తనే ఉన్నయి. పొద్దుగాల షాట్లు నడుస్తుంటె సుత పోయినయి. మీరే ఓకే అంటిరని ఎవ్వలు అడ్గలే."

ఆకాశం మూగబోలేదు. పిచ్చుకలూ ఎక్కడికీ పోలేదు. ఆయనకు భయం వేసింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. ఓదెలుకు సంగతి అర్థమైంది. దగ్గరికి జరిగి చెవిలో చెప్పాడు.

"ఫికర్ చేయకుండ్రి. ఇగమీద ఇమానమొస్తే నేను మీ భుజం తడ్త. కేక మీరే ఎయ్యుండ్రి. ఎవ్వలికి ఎరుకగాదు."

పరబ్రహ్మం ఆ మాటకు ఎంత ఆశపడ్డాడో చెప్పలేం. సరేనని నోటిదాకా వచ్చింది కూడా. కానీ విననిదాన్ని విన్నానని ఆయన ఏనాడూ అనలేదు. గర్వమంటే అదే, అన్నమంటే అదే. లేచి మంజులత దగ్గరికి నడిచాడు. వెనకాలే ఓదెలు.

"అమ్మా, పొద్దున నేను ఓకే అన్నవన్నీ ఇంకెవరికైనా వినిపించు. వాటిలో విమానాలున్నాయట. నాకు వినబడలేదు. చాన్నాళ్లుగా వినబడటం లేదనుకుంటాను. విమానాలే పోయాయనుకున్నానమ్మా."

మంజులత ఆయన ముఖంలోకి చూడలేక తల దించుకుని ఏదో అంది. గొంతు బాగా తగ్గించి అంది. పరబ్రహ్మం ఓదెలు వైపు తిరిగాడు. అందరికన్నా ముందు వినేవాడు, ఇంకొకరిని అడగడం అదే మొదలు.

"ఏమందయ్యా?"

ఓదెలు ఎదురుగా నిలబడి, గొంతు పెంచి, ఒక్కో మాటా విడదీసి చెప్పాడు.

"రేపటి సంది వేరేటాయన్ని పెట్టుకుంటదట సారూ."

ఆ మాట మాత్రం పరబ్రహ్మానికి శుభ్రంగా వినబడింది.