జ్వరమొచ్చిన బండ

పొద్దున్నే షట్టరెత్తగానే ప్రమీలారాణి మొదట అద్దం కింది బండ మీద అరచెయ్యి ఆనించి చూసేది. చల్లగా ఉంటేనే అగరొత్తి వెలిగించేది. పాల్వంచ బస్టాండు వెనక ఆమె బ్యూటీపార్లర్ పెట్టి ఆరేళ్లయింది. ఆ తెల్లటి పాలరాతి బండను బిగించిన మేస్త్రీ మహబూబ్ అలీ ఆనాడే చెప్పాడు: "వేడి రాడ్డు దీని మీద పెట్టకు బిడ్డా. మెరుపు పోతది, జ్వరమొస్తది."

అందుకే జుట్టుకు వంకీలు తిప్పే కరెంటు రాడ్డును ఆమె పక్కనుంచుకున్న మట్టి పెంకు మీదే పెట్టేది. ఒకసారి ఎవరో పెళ్లికూతురి చెల్లెలు తెలియక బండ మీదే పెట్టేసింది. బండ సన్నగా మూలిగి, మూడ్రోజులు కాగిపోయింది. చన్నీళ్లు పోస్తే పగులుతుందని ప్రమీల పక్కన కూర్చుని విసనకర్రతో విసిరింది. వీధిలో వాళ్లంతా వచ్చి, "ఇప్పుడెట్లున్నది?" అని అడిగి పోయారు.

ఆ వేసవిలో ఆమె భర్త వెంకటనారాయణకు మణుగూరు గనుల్లో పని దొరికింది. ఉండటానికి క్వార్టరు కూడా ఇచ్చారు. "ఆడ పార్లరు నడవది. ఇంట్ల ఉండు," అన్నాడు. ఆమెను అడక్కుండానే బండను తల్లాడ మిఠాయి కొట్టు బసవపున్నయ్యకు ఇస్తానని మాటిచ్చాడు.

అప్పట్నుంచి ప్రమీలకు కాలు నిలవలేదు. సర్దిన దువ్వెనలే మళ్లీ సర్దేది. సగం జడ వేసి, వాకిట్లోకి వెళ్లి రోడ్డు చూసొచ్చేది.

బసవపున్నయ్య వ్యాను వచ్చిన పొద్దున ప్రమీల, బడి టీచరు నిర్మలాదేవి జుట్టుకు వంకీలు తిప్పుతోంది. బయట హారన్ మోగింది. చేతిలో రాడ్డు సెగలు కక్కుతోంది. పెంకు పక్కనే ఉంది. "ఏమనుకోకు తల్లీ," అని బండతో గొణిగి, ప్రమీల రాడ్డును బండ మీద అదిమిపట్టింది.

బండ మూలిగింది. టీచరు కళ్లు మూసుకుంది.

హమాలీలు భద్రు, గోప్యా ఎత్తబోయి చేతులు లాగేసుకున్నారు. "మస్తు కాలుతుంది సేటూ!"

బసవపున్నయ్య దూరం నుంచే సెగ చూశాడు. "ఒంట్లో బాగోనిదాన్ని కదిలించకూడదు. తగ్గాక కబురు చెయ్యండి," అన్నాడు. వ్యాను ఖాళీగా వెళ్లిపోయింది.

"ఎప్పుడు తగ్గుతది?" అన్నాడు వెంకటనారాయణ.

"నాకేం ఎరుక? గిట్లున్నదాన్ని ఇడిసి నేను రాను."

మణుగూరు బస్సు అతనొక్కడే ఎక్కాడు.

వానలు పడ్డా జ్వరం దిగలేదు. రాడ్డు కాల్చిన చోట మిగిలిన గోధుమరంగు మచ్చ మీద చూపు పడినప్పుడల్లా ప్రమీల ముఖం తిప్పుకునేది. దసరాకు వెంకటనారాయణ సంచితో వచ్చాడు. పార్లర్లో ఒక పెళ్లికూతురు కూర్చుని ఉంది. అతను బండను తాకి, చటుక్కున చెయ్యి తీశాడు.

"క్వార్టరు వాపసిచ్చిన," అన్నాడు. "ఆడ దోస్తు రూముల ఉంట. ఐతారం ఐతారం వస్త."

ప్రమీల సర్దిన దువ్వెనలే మళ్లీ సర్దింది.

పెళ్లికూతురు అద్దంలోంచి చూసింది. "అక్కా, నా జడ సగంలనే ఉన్నది."