చేపల మీది తడి

మా బావ లంబెర్ట్ ఇంటికి ఎవరొచ్చినా గడప దగ్గరే ముక్కు మూసుకునేవారు. ఆయన చేపల బొమ్మలు వేసేవాడు. ఒక బొమ్మ పూర్తికావడానికి వారాలు పడుతుంది. చేప అన్నాళ్ళు ఆగదు కదా. పళ్ళెంలో పెట్టిన సాల్మన్ కొద్ది రోజులకే పొట్ట ఉబ్బి, కంటి గుంటలో చీములాంటిది చేరేది. అయినా దాన్ని కదిలించకూడదు. కదిపితే వెలుగు మారిపోతుందని బావ కేకలేసేవాడు. మా అక్క కూతురు అలైదా రోజూ పొద్దున్నే ఆ కుళ్ళిన ఒంటికి గుడ్డు తెల్లసొన పూసి మెరిపించేది. పైకి పాకిన పురుగుల్ని పుల్లతో ఏరి పారేసేది. బొమ్మ అయిపోయాక ఆ చేపను కాలవలో పడేస్తుంటే పడవవాళ్ళు మమ్మల్ని తిట్టేవారు.

అక్క పోయింది. ఆ తరవాత నా భర్త కూడా ఓడ మీదే చనిపోయాడు. దాంతో ఆ ఇంట్లో వంట చూసుకోవడానికి నేను చేరాను. అప్పటికే అలైదా రంగులు నూరడం దాటి, బొమ్మల్లో వెనకాల గోడ, బల్ల మీది గుడ్డ వేస్తోంది. కొన్నాళ్ళకి నిమ్మకాయలు, గాజు గ్లాసులు కూడా తన చేతికొచ్చాయి. ఆ పైన చేపలూ వచ్చాయి. బావ బొమ్మ వేసే చెక్కపలక మీద సుద్దతో పళ్ళెం ఆకారం గీసి బీరు కొట్టుకి వెళ్ళిపోయేవాడు. అలైదా రంగు ఆరకముందే కుంచె వెనక కొనతో గీకి పొలుసులు తేల్చేది. మొప్ప దగ్గర నీలం కలిసిన తెలుపు ఒక్క చుక్క పెట్టేది. ఆ చుక్క పడగానే, బల్ల మీద కంపు కొడుతున్న శవం పలక మీద అప్పుడే నీళ్ళలోంచి తీసిన చేప అయిపోయేది.

నలభై దాటాక లంబెర్ట్ చేపలకి తడి వచ్చిందని ఊరంతా చెప్పుకుంది. ఆమ్‌స్టర్‌డామ్ నుంచి వర్తకులు వచ్చి ఆ బొమ్మలు పట్టుకెళ్ళేవారు. ఆ తడి ఎలా వచ్చిందని అడిగితే బావ గడ్డం నిమురుకుని, తెల్లవారకముందే సముద్రం ఒడ్డున నిలబడి వలల్లోని చేపల్ని ఏళ్ళ తరబడి చూశానని చెప్పేవాడు. ఆయన మధ్యాహ్నం లోపల మంచం దిగడం నేనెప్పుడూ చూడలేదు. వచ్చినవాళ్ళ ముందే నా పులుసు గిన్నెలో వేలు ముంచి నాకి, అదే వేలితో బొమ్మను చూపించేవాడు. అప్పటికి నాకు అక్షరాలు రావు. కానీ ప్రతి బొమ్మ కింద మూలలో ఉన్నది ఆయన పేరేనని తెలుసు.

అది మోసం కాదు, ఊరి పద్ధతి. చిత్రకారుల సంఘంలో ఉన్నవాడే తన పేరుతో బొమ్మలు అమ్ముకోవాలి. ఆ ఇంట్లో శిష్యులు వేసినా, కూతుళ్ళు వేసినా అంతా యజమాని పేరు మీదే పోతుంది. తన పేరు కావాలంటే ఒక పరీక్ష బొమ్మ వేసి సంఘం పెద్దలకి చూపించాలి. వాళ్ళు ఒప్పుకుంటే చేరినట్టే. ఆడవాళ్ళు చేరకూడదని నియమమేమీ లేదు.

ఒక ఏడు అలైదా, వచ్చే వసంతంలో పరీక్షకి నిలబడతానంది. సొంతంగా బొమ్మలు వేసుకోవడానికి ఒక గది అద్దెకి కూడా మాట్లాడుకుంది. సంఘం పెద్దలు ముగ్గురిలో బావ ఒకడు. ఆయన అడ్డుపడతాడేమోనని నేను భయపడ్డాను గానీ, ఆయన నవ్వి, నిలబడు చూద్దాం అన్నాడు. అలైదాకి అంతే చాలింది.

"నాన్న అక్కడే ఉంటాడు కదా పిన్నీ. ఎవరి చెయ్యో ఆయనకి తెలియదా?" అంది.

చలికాలం అంతా కూర్చుని ఆ బొమ్మ వేసింది. మట్టి పళ్ళెంలో రెండు కార్ప్ చేపలు, పక్కన సగం వలిచిన ఉల్లిపాయ. ఈసారి కొన్న చేపల్ని కుళ్ళనివ్వలేదు. పాడైనప్పుడల్లా తీసేసి కొత్తవి పెట్టుకుంది. తన డబ్బులతోనే.

పరీక్షకి నిలబడ్డవాళ్ళు ముందు పెద్దలకి విందు పెట్టాలి. తిన్నాకే వాళ్ళు బొమ్మ వైపు చూస్తారు. నేను ఆల్చిప్పలు, వేయించిన బాతు, వెన్న వేసిన బఠాణీలు సంఘం గదికి మోసుకెళ్ళాను. ముగ్గురూ ఆల్చిప్పల్ని జుర్రుతుంటే ఆ చప్పుడు మెట్ల దాకా వినిపించింది. హిలెబ్రాంట్ అనే పెద్దాయన, ఆ ముగ్గురిలో పెద్దవాడు, ఎముకలు కింద పడేసి జిడ్డు చేతుల్ని బల్ల గుడ్డకి తుడుచుకున్నాడు. మా బావ బాతు కొవ్వు గడ్డం మీదకి కారుతున్నా పట్టించుకోకుండా తింటూనే ఉన్నాడు. అలైదా ఏమీ తినకుండా గోడ దగ్గర నిలబడింది.

ఆ గోడకి లంబెర్ట్ పేరున్న సాల్మన్ బొమ్మ ఒకటి వేలాడుతోంది. సంఘానికి ఆయన ఇచ్చిన కానుక. దాన్ని అలైదా వేసినప్పుడు నేను పక్కనే కూర్చుని బఠాణీలు ఒలుస్తున్నాను.

హిలెబ్రాంట్ లేచి అలైదా పలకను తీసుకెళ్ళి ఆ సాల్మన్ పక్కన పెట్టాడు. రెంటినీ చాలాసేపు మార్చి మార్చి చూశాడు. రెండోవాడు కూడా వచ్చి మూతి బిగించి తల ఊపాడు. కుంచె వెనకతో పొలుసులు గీకడం, మొప్ప దగ్గర చుక్క, అన్నీ అచ్చం తండ్రివేనని తేల్చారు.

"మీ నాన్న చేపలో ప్రాణం ఉందమ్మా. నీ చేపలో కష్టం ఉంది. తేడా అదే," అన్నాడు హిలెబ్రాంట్.

కుంచె ఇస్తే మీ ముందే వేసి చూపిస్తానంది అలైదా. నకలు చేసేవాళ్ళకి చెయ్యి బాగానే తిరుగుతుందని, సంఘానికి కావలసింది సొంత చూపని ఆయన దయగా చెప్పాడు.

నేను పళ్ళేలు కింద పెట్టి, ఆ గోడ మీది సాల్మన్ కూడా ఈ పిల్లే వేసిందని చెప్పాను. హిలెబ్రాంట్ మా బావ వైపు తిరిగి, ఏమంటావు లంబెర్ట్ అని అడిగాడు.

బావ నోట్లోది నమిలి మింగాడు. తొందరేమీ పడలేదు.

"మా మరదలు. మొగుడు పోయినప్పట్నుంచి కాస్త అలా ఉంటుంది," అన్నాడు.

ముగ్గురూ నవ్వారు. మర్యాదగా, లోపల్లోపల.

అలైదా తండ్రి ముందుకొచ్చి నిలబడింది. "నాన్నా, ఆ సాల్మన్ ఎవరు వేశారు?"

"కింద ఎవరి పేరుంటే వాళ్ళేనమ్మా," అని బావ మిగతా ఇద్దరి వైపు తిరిగాడు. "నా చెయ్యి చూసి పెరిగింది పిల్ల. తప్పు పట్టకండి. వచ్చే ఏడు మళ్ళీ నిలబడుతుంది."

అంతటితో ఆగలేదు. కార్ప్ చేపలు బాగున్నాయని, తన బావమరిది ఇలాంటిది ఒకటి అడుగుతున్నాడని హిలెబ్రాంట్ అన్నాడు. పరీక్ష తప్పిన బొమ్మ ఆ ఇంటి యజమానిదే. మా బావ సిరా బుడ్డి దగ్గరున్న సన్న కుంచె అందుకుని, కొవ్వు అంటిన వేళ్ళతోనే మూలలో తన పేరు రాసేశాడు. పేరు చివర చిన్న మెలిక కూడా తిప్పాడు. మిగతా ఇద్దరూ భుజం తట్టారు. అలైదా ఆ పేరు ఆరే దాకా చూసింది. తరవాత వాళ్ళ ఎంగిలి పళ్ళేలు నాతోపాటు ఎత్తింది.

దారిలో ఏడుస్తుందేమో అనుకున్నాను. వంతెన మీదకి రాగానే కాలవలోకి ఉమ్మి, "డెల్ఫ్ట్ వెళ్ళిపోదాం పిన్నీ," అంది.

డెల్ఫ్ట్‌లో గోడలకి అతికించే తెల్ల పింగాణీ పలకలు చేసే కార్ఖానాలున్నాయి. వాటి మీద నీలం రంగుతో ఓడలు, పిల్లలు, చేపలు వేస్తారు. పలకలు ఇంటికి తెచ్చుకుని వేసే పనికి అలైదా కుదిరింది. రోజంతా వేసినా ఏ పలక మీదా ఎవరి పేరూ ఉండదు. యజమాని పేరు కూడా ఉండదు. ఇంత మంచి చెయ్యి పొయ్యి వెనక గోడకి పోతోందని నేను బాధపడితే అలైదా ఒప్పుకోలేదు. పేరు లేనిచోట దొంగిలించడానికి ఏమీ ఉండదంది.

శరదృతువులో బావ వెతుక్కుంటూ వచ్చాడు. కంటి చూపు తగ్గిందని ఊళ్ళో చెప్పుకుంటున్నాడట. చేపలు ఎండిపోయాయని ఒక వర్తకుడు రెండు బొమ్మలు తిప్పి పంపాడట. మా ఒక్క కుర్చీలో కూర్చుని, నేను పెట్టిన రొట్టె, హెర్రింగ్ చేప తినేసి, గోటితో పళ్ళు కుట్టుకుంటూ అసలు సంగతి చెప్పాడు. మేయరుగారికి మూడు బొమ్మలు ఒప్పుకున్నాడు. అలైదా వచ్చి అవి పూర్తిచేస్తే సంఘంలో నిలబడి నిజం చెబుతాడు.

"ముందు చెప్పు నాన్నా. చెప్పిన మర్నాడే వస్తాను," అంది అలైదా. కుంచె ఆపలేదు.

"ముందు చెబితే ఇన్నాళ్ళూ కొన్నవాళ్ళంతా నా పీక పట్టుకోరూ? కొంచెం ఆలోచించు తల్లీ."

"ఆలోచించాను."

అప్పుడు ఆయన అంగీ కింద నుంచి తను వేసిన చిన్న బొమ్మ పలక ఒకటి బయటికి తీశాడు. ఒక పెర్చ్ చేప. చెక్కతో చేసినట్టుంది. పోనీ కళ్ళు, మొప్పలన్నా సరిచెయ్యమని, రెండు చుక్కలేగా అని బతిమాలాడు. ఆ గొంతులో ఏడుపు ఉంది. అది నిజమైన ఏడుపే. అందుకే ఇంకా రోత పుట్టింది. కూతుర్ని పోగొట్టుకున్నందుకు కాదు ఆ ఏడుపు, తడి పోయినందుకు.

అలైదా పలక అందుకుని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి చూసింది. ఆయన ముందుకు వంగాడు.

"వేస్తాను. కింద నా పేరు రాస్తాను. సరేనా?" అంది.

ఆయన చెయ్యి చాచి దాన్ని వెనక్కి తీసుకుని, గుడ్డలో జాగ్రత్తగా చుట్టుకున్నాడు. రొట్టె ముక్క ఒకటి మిగిలితే అది కూడా జేబులో వేసుకుని మెట్లు దిగి వెళ్ళిపోయాడు.

నేను బూడిద నీళ్ళు వేడి చేసి ఆయన కూర్చున్న కుర్చీని రుద్దడం మొదలుపెట్టాను.

"కుర్చీ ఏం చేసింది పిన్నీ," అంది అలైదా, పలక మీద తెడ్డు పడవ ఒకటి గీస్తూ.

దాని కాళ్ళు కూడా తోమాలని నేను కుర్చీని తలకిందులు చేశాను.